పాండా ఫైబరుతో పేచీ లేదు, అడాప్టరుతోనే

చర్లపల్లిలో మా చిన్న సెన్సర్ ల్యాబులో 1550 నానోమీటర్ల తరంగదైర్ఘ్యానికి చేసిన పాండా ఫైబరు, అంటే కాంతి పొలరైజేషన్‌ని (అది కంపించే దిశని) నిలిపి ఉంచే గాజు తీగ, చాలాకాలంగా వాడుతున్నాను. దీని గొప్పంతా ఒక్కటే: ముట్టుకున్నా పొలరైజేషన్ చెదరదు. మామూలు సింగిల్ మోడ్ ఫైబరుకి ఏసీ గాలి తగిలినా రీడింగు మారేది. ఇందులో కోర్‌కి అటూ ఇటూ బోరాన్ కలిపిన గాజు కడ్డీలు ఉంటాయి. ఫైబరు లాగాక చల్లారేటప్పుడు అవి చుట్టూ ఉన్న సిలికా కన్నా ఎక్కువ ముడుచుకుంటాయి. ఆ బిగువుకి కాంతి ఒక అక్షం మీద నెమ్మదిగా, రెండోదాని మీద వేగంగా నడుస్తుంది. ఒకదాన్నుంచి ఇంకోదాంట్లోకి అంత తేలిగ్గా జారదు.

మరి మే నెలలో, కరెంటు పోయి ఏసీ ఆగిన మధ్యాహ్నం, యూపీఎస్ మీదున్న పవర్ మీటరు ఎందుకు ఊగింది? అందరూ ఫైబరునే తిట్టారు. చివర పోలరైజరుని (ఒకే దిశలో కంపించే కాంతిని వదిలేది) రీడింగు కనిష్ఠమయ్యే చోట పెట్టి, ఫైబరు మీదికి హెయిర్ డ్రయ్యరు పట్టాను. రీడింగు లేస్తూ పడుతూ పోయింది. లేజరు కాంతంతా ఒకే అక్షం మీదుంటే వేడికి ఇలా ఆడదు. అంటే తప్పు కాంతి ఫైబరులోకి దిగే చోటే. కనెక్టరుని వేళ్లతో అటూ ఇటూ కదిపితే మీటరూ కదిలింది! ప్యాచ్ కార్డు (రెండు కొసలా కనెక్టరున్న ఫైబరు ముక్క) కీ, అంటే కనెక్టరు తిరగకుండా గాడిలో కూర్చునే మొన, 2.0 మిల్లీమీటర్లది, సప్లయరు అంటగట్టిన అడాప్టరు గాడి 2.14 కీ కోసం చేసింది, అందుకే వదులు. రెండూ ఎఫ్‌సీ రకం కనెక్టరువే. ఫోన్ చేస్తే "ఎఫ్‌సీ అంటే ఎఫ్‌సీయే కదా సార్" అన్నాడు. సరైన అక్షం మీది కాంతికీ, తప్పు అక్షంలోకి పోయినదానికీ తేడా 30 డీబీ (డెసిబెల్) కావాలంటే కోణం తప్పు రెండు డిగ్రీల లోపే ఉండాలి, ఆరు డిగ్రీలు తప్పితే 20కి పడిపోతుంది. ఆయనకేం పోయింది!

అందుకే చెదరదన్న మాటకి ఒక షరతు: కాంతిని సరిగ్గా అక్షం మీద దించితేనే.

న్యూమరికల్ అపెర్చర్ (ఫైబరు ఎంత వెడల్పు శంకువులో కాంతిని తీసుకుంటుందో చెప్పే అంకె) గురించి అడుగుతుంటారు. మాది 0.12, అంటే కాంతి శంకువు సగం కోణం దాదాపు 7 డిగ్రీలు. పొలరైజేషన్ నిలుపుకోవడం ఆ అంకె పని కాదు, అది కడ్డీల పని. చిన్న బాబిన్ మీద బిగించి చుడితే మాత్రం 0.12లో కాంతి బయటికి కారుతుంది. అందుకని చిన్న కాయిల్‌కి 0.2 రకం తెచ్చాం. కారడం తగ్గింది గానీ మోడ్ (ఫైబరులో కాంతి పరుచుకునే చోటు) సన్నబడింది, 0.12 ఫైబరుతో స్ప్లైస్ చేసిన (కరిగించి అతికిన) ప్రతిచోటా నష్టం.

మాది రాత్రి ఏసీ కట్టేసే ల్యాబు, మేం వాడేది ఒకే తరంగదైర్ఘ్యం. ఆ లెక్కన పెట్టిన డబ్బుకి బాధ లేదు. టేబుల్ మీద కదలని చిన్న సెటప్ అయితే ఇంత ఖర్చు నేనైతే పెట్టను. కొంటే మాత్రం అడాప్టరు గాడి వెడల్పు ఆర్డరులోనే రాయించుకోండి.