పాత ఫోన్‌లో కొత్త రోమ్: వెరిఫికేషన్ తీసెయ్యాలా, ఉంచాలా?

హనుమకొండ చౌరస్తాలో టీ తాగుతుంటే మా తమ్ముడు అడిగాడు: "అన్నా, ఈ ఫోన్‌కి అప్‌డేట్లు ఆగిపోయినయ్. కస్టమ్ రోమ్ వేస్తా. వీబీమెటాలో వెరిఫికేషన్ డిసేబుల్ చెయ్యమని వీడియోలో చెప్తున్నరు, చెయ్యనా?"

కస్టమ్ రోమ్ అంటే ఫోన్ కంపెనీ కాకుండా వేరేవాళ్లు తయారుచేసిన ఆండ్రాయిడ్. ఫోన్ ఆన్ అయ్యేటప్పుడు మొదట నడిచే ప్రోగ్రామ్ బూట్‌లోడర్. అది వీబీమెటా అనే చిన్న పార్టిషన్‌లోని (ఫోన్ మెమరీలో విడిగా ఉంచిన భాగం) డిజిటల్ సంతకం చూసి, లోపలి సాఫ్ట్‌వేర్ మారిందా లేదా తేల్చుకుంటుంది. సిస్టమ్ పెద్దది కాబట్టి డీఎం-వెరిటీ అనే తనిఖీ దాన్ని 4 కేబీ ముక్కలుగా, ఏ ముక్క చదివితే ఆ ముక్కనే సరిచూస్తుంది. ఆండ్రాయిడ్ 4.4లో వచ్చిన ఈ కాపలా 7.0 నుంచి గట్టిగా అమలవుతోంది.

తీసేస్తే పని సులువు. సిస్టమ్ ఫైళ్లు ఎలా మార్చుకున్నా వెరిటీ అడ్డుపడదు. కానీ రిపేరు షాపులో ఫోన్ రెండు గంటలు వదిలితే, లోపల ఎవరు ఏం మార్చారో మనకు తెలియదు. కొన్ని ఫోన్లలో ఈ సెట్టింగ్ మారగానే డేటా మొత్తం తుడవాల్సి వస్తుంది కూడా.

వెరిఫికేషన్ తియ్యకుండా, బూట్‌లోడర్ తాళం మాత్రం తెరిచి (అన్‌లాక్ చేసి) రోమ్ వేస్తే? పాడైన ఫైళ్లను వెరిటీ పట్టుకుంటుంది. కానీ బూట్‌లోడర్ తెరిచే ఉంది కదా, ఫోన్ చేతికి దొరికినవాడు కొత్త వీబీమెటానే ఎక్కించగలడు. నారింజ రంగు హెచ్చరిక రెండు దారుల్లోనూ వస్తుంది. బ్యాంకు యాప్‌లు పనిచేస్తాయో లేదో అనే టెన్షనూ రెండింటిలో ఉంటుంది.

అన్నిటికన్నా మేలైనది మూడోది: రోమ్ సంతకాన్ని సరిచూసే సొంత కీ ఎక్కించి బూట్‌లోడర్‌ని మళ్లీ లాక్ చెయ్యడం. గ్రాఫీన్ ఓఎస్ అనే రోమ్ పిక్సెల్ ఫోన్లలో చేసేది ఇదే. అప్పుడు పసుపు హెచ్చరిక వస్తుంది. కానీ దీన్ని ఒప్పుకునే ఫోన్లు తక్కువ. వెరిఫికేషన్ తీసేసిన ఫోన్‌లో మాత్రం బూట్‌లోడర్‌ని మళ్లీ లాక్ చెయ్యకండి, అసలు ఆన్ కాకుండా పోవచ్చు.

అలాగని అప్‌డేట్లు లేని పాత సాఫ్ట్‌వేర్‌తో ఉండిపోవడం కూడా భద్రం కాదు. మన ఫోన్‌ని చేత్తో పట్టుకుని మార్చేవాడి కన్నా నెట్ నుంచి వచ్చే ప్రమాదమే మనలాంటి వాళ్లకు ఎక్కువని నా నమ్మకం. అందుకే రోమ్ వెయ్యమనే చెప్పాను. వెరిఫికేషన్ జోలికి మాత్రం, సరిగ్గా ఆ మోడల్‌కి రోమ్ తయారుచేసినవాళ్లు రాసిన సూచనల్లో ఉంటేనే వెళ్లమన్నాను. వాడి జీతం ఖాతా, ఫోన్‌పే అన్నీ అందులోనే ఉన్నాయి. ముందు వాటిని ఇంట్లో ఇంకో ఫోన్‌కి మార్చుకోమన్నాను. అన్‌లాక్ చేస్తే అన్నీ తుడిచిపెట్టుకుపోతాయి కాబట్టి, ఆదివారం కాజీపేటలో వాడింట్లో కూర్చుని పాప ఫొటోలు లాప్‌టాప్‌లోకి ఎక్కించాకే మొదలుపెడతాం.