ఆటోనగర్‌లో చేయించిన తుపాకీ లాకర్, నా రేటింగ్ 5కి 3.5

ఇంట్లో లైసెన్సు తుపాకీ ఉన్నవాళ్లు వైజాగ్‌లో ఎంతమంది ఉంటారో గానీ, దాన్ని పెట్టుకోవడానికి సరైన లాకర్ దొరకాలంటే మాత్రం చుక్కలు కనిపిస్తాయి. ఆన్‌లైన్‌లో గన్ సేఫ్ అని కొడితే వచ్చేవన్నీ హోటల్ గదిలో పాస్‌పోర్టు పెట్టుకోమని ఇచ్చే బుల్లి డిజిటల్ డబ్బాలు, రివాల్వర్ అయితే పడుతుందేమో. మాది పన్నెండు బోరు డబుల్ బ్యారెల్, అంటే రెండు గొట్టాల పొడుగు తుపాకీ. విప్పకుండా నిలబెడితే నా నడుము దాటి పైకి వస్తుంది. బీరువా లోపలి లాకరేమో అడుగున్నర ఉండదు. అందుకే గాజువాక ఆటోనగర్‌లో ఒక ఫ్యాబ్రికేషన్ షాపులో కొలతలిచ్చి చేయించుకున్నాను. షాపు పేరు మాత్రం రాయను, వాళ్లు మంచి పనీ చేశారు, వెధవ పనీ చేశారు, రెండూ చెప్తాను.

ఎత్తు 54 అంగుళాలు, వెడల్పు 14, లోతు 12. మూడు ఎం.ఎం. షీటు, అంతా కలిపి 55 కేజీల దాకా తూగుతుంది, ఇద్దరు మనుషులు లిఫ్టులోంచి దింపడానికి ఆపసోపాలు పడ్డారు. పైన తూటాలకు వేరే తలుపు, వేరే తాళంతో చిన్న అర. ధర 18,500, రవాణా విడిగా. వెల్డింగ్ చక్కగా ఉంది, గ్రైండింగ్ కూడా నున్నగా చేశారు, తలుపు మూస్తే సందు కనిపించదు. మామూలుగా ఇలాంటి షాపుల్లో బందులు బయటకి పెట్టేస్తారు, గ్రైండర్ ఉన్నవాడు వాటిని కోసేసి తలుపే ఊడదీయొచ్చు. లోపలికి పెట్టమంటే ఒక్క మాటకే ఒప్పుకుని పెట్టారు. ఇంటికి మనిషిని పంపి యాంకర్ బోల్టులతో బిగించి వెళ్లారు, అదీ ఇటుక గోడకి కాదు, కాలమ్‌కి. అపార్ట్‌మెంట్లలో నాలుగంగుళాల గోడకి బిగిస్తే లాకర్‌తో పాటు గోడ కూడా ఊడి వస్తుంది, ఎవరు చేయించుకున్నా ఇది గుర్తుపెట్టుకోండి.

ఓనర్ మొదట నాలుగు తుపాకులు పట్టేలా చేద్దామన్నాడు. "ముందు ముందు ఇంకోటి కొంటారేమోనమ్మా" అని. కొనడానికి అవేమన్నా పట్టుచీరలా? ఆయుధాల చట్టం 1959లోది, 1983 సవరణ నుంచి మనిషికి మూడు తుపాకులదాకా ఉండొచ్చు అనేవారు, 2019 సవరణతో అది రెండయింది. వారసత్వంగా వచ్చినవైనా సరే లెక్క రెండే. షూటింగ్ పోటీలకు వెళ్లేవాళ్ల సంగతి వేరు. కాబట్టి రెండు గాడులు చాలన్నాను, దాంతో ధర కూడా కాస్త తగ్గింది. రెండో గాడి ఇప్పటికీ ఖాళీనే. మా మేనల్లుడు తన ఎయిర్ రైఫిల్ అందులో పెట్టుకుంటానన్నాడు గానీ, 0.177 బోరు, 20 జౌళ్ల లోపు శక్తి ఉన్నదానికి లైసెన్సే అక్కర్లేదు, దానికి ఈ లాకర్ దేనికి, పైగా వాడికి మళ్లీ ఒక తాళంచెవి ఎక్కడ తేను.

అసలు గొడవంతా తాళంచెవి దగ్గరే. తుపాకీ మా నాన్నగారిది. చోడవరం దగ్గర మా ఊళ్లో చెరుకు తోటలున్నప్పుడు పంట కాపలాకని తీసుకున్నారు. డెబ్భై ఏళ్లు నిండినవాళ్లు గానీ, పాతికేళ్లుగా తుపాకీ ఉంచుకున్నవాళ్లు గానీ వారసుల్లో ఒకరి పేరు మీదకి మార్పించడానికి 2016 ఆయుధాల నిబంధనల్లో వీలుంది. అన్నయ్య డల్లాస్‌లో ఉంటాడు, అభ్యంతరం లేదని సంతకం పెట్టి పంపాడు, అలా నా పేరు మీదకి వచ్చింది. కూతుళ్లు వారసులు కారా అని అడిగేవాళ్లకి ఇదే జవాబు. కొసరు కథ ఏంటంటే, ఊరు ఇప్పుడు అనకాపల్లి జిల్లా, అక్కడ లైసెన్సు ఇచ్చేది కలెక్టరు. మేముండేది వైజాగ్ సిటీలో, ఎంవీపీ కాలనీ, అంటే పోలీస్ కమిషనరేట్ పరిధి. కమిషనరేట్ ఉన్నచోట ఆ అధికారం పోలీస్ కమిషనర్‌దే అని చట్టంలోనే రాసుంది. ఈ రెండింటి మధ్యా ఫైలు నడిచిన తీరు గురించి రాస్తే అది వేరే రివ్యూ అవుతుంది.

ఆ దరఖాస్తుతో పాటు మెడికల్ సర్టిఫికెట్, శిక్షణ పొందినట్టు కాగితం, వాటితో పాటు ఇంకోటి ఇవ్వాలి, తుపాకీనీ తూటాల్నీ ఇంట్లో భద్రంగా దాచిపెడతానని హామీ పత్రం. చాలామంది దాన్ని చదవకుండా సంతకం పెట్టేస్తారు. నేను లాకర్ కోసం తిరిగింది ఆ కాగితం వల్లే. లైసెన్సు నా ఇంటికి కాదు, నాకు ఇచ్చారు. మా ఆయనకి లేదు, మా అత్తయ్యగారికి లేదు. ఎవరికి లైసెన్సు లేదో వాళ్ల చేతిలో తుపాకీ ఉంటే అది లైసెన్సు లేని తుపాకీ కిందే లెక్క, 2019 తర్వాత దానికి శిక్ష రెండేళ్ల నుంచి అయిదేళ్లు, జరిమానా అదనం. ఉన్న మినహాయింపు చిన్నది: లైసెన్సుదారు పక్కనే ఉంటే గానీ, లేదా రాతపూర్వకంగా అనుమతిస్తే గానీ, రిపేరుకో రెన్యువల్‌కో లైసెన్సుదారు వాడుకోవడానికో ఇంకొకరు పట్టుకెళ్లొచ్చు. అంటే మా ఆయన దాన్ని ఆర్మరీ షాపుకి తీసుకెళ్లాలన్నా జేబులో నా సంతకం ఉన్న కాగితం ఉండాలి. ఇది విన్నప్పుడు ఆయన మొహం చూడాలి. "నా ఇంట్లో నాకే తాళంచెవి లేదా?" అన్నారు. లేదు.

అందుకే లాకర్ విషయంలో నేను చూసింది ఒక్కటే, దీన్ని నేను కాకుండా ఇంకెవరు తెరవగలరు అని. షాపువాళ్లు మొదట డిజిటల్ తాళం చూపించారు, నాలుగంకెల కోడ్. మా ఇంట్లో వైఫై పాస్‌వర్డ్ పక్కింటి పిల్లాడికి కూడా తెలుసు, ఇక ఆ నాలుగంకెలు ఎంతకాలం దాగుతాయి. తాళంచెవిదే పెట్టమన్నాను.

ఇప్పుడు వెధవ పని. డెలివరీ రోజు రెండు తాళంచెవులు చేతికిచ్చారు. తాళం వచ్చిన అట్టడబ్బా కూడా పొరపాటున లాకర్‌లోనే వదిలేశారు, దానిమీద మూడు అని ఉంది. ఫోన్ చేసి అడిగితే "ఒకటి మా దగ్గరే ఉంచుతామమ్మా, పోగొట్టుకుంటే పనికొస్తుందని, అందరికీ అలాగే చేస్తాం" అని ఎంతో ఉపకారం చేస్తున్నట్టు చెప్పాడు ఓనర్. వాళ్ల దగ్గర మా అడ్రసు ఉంది, లాకర్ ఏ గదిలో ఏ కాలమ్‌కి బిగించారో తెలుసు, లోపల ఏముంటుందో తెలుసు, ఇప్పుడు తాళంచెవి కూడా ఉంది! ఆ సాయంత్రమే వెళ్లి తెచ్చుకున్నాను. అతను గొడవ పెట్టలేదు, సారీ కూడా చెప్పాడు, కానీ దానికి నకలు తీశారో లేదో ఎవరు చెప్పొచ్చారు. వేరేచోట కొత్త తాళం కొని వేయించుకున్నాను, ఇంకో 1,200. ఒక స్టారు ఇక్కడే పోయింది. వాళ్లలో దురుద్దేశం ఉందని నేననను, బీరువాలు అమ్మే అలవాటు అంతే. మీరు వెళ్తే మాత్రం తాళం డబ్బా సీలు మీ ఎదురుగానే తీయించండి.

మిగతా అర స్టారు తుప్పుకి. మనకి సముద్రపు గాలి ఎలాగూ ఉంది, ఎంవీపీలో కిటికీ గ్రిల్లులే రెండేళ్లు నిలవవు. లోపల గీతలు పడకుండా అని మెత్తటి ఫెల్టు గుడ్డ గమ్ముతో అంటించి ఇచ్చారు, చూడ్డానికి నగల షాపు పెట్టెలా భలే ఉంది. వానాకాలం వచ్చాక తెలిసింది దాని సంగతి. ఆ గుడ్డ చెమ్మ పట్టేసుకుంటుంది, బ్యారెల్ దానికి ఆనుకున్నచోట ఎర్రటి చుక్కలు లేచాయి. నూనె రాసి రుద్దితే పోయాయి గానీ గుడ్డంతా పీకేసి రబ్బరు పట్టీలు వేసుకున్నాను, సిలికా జెల్ ప్యాకెట్లు పెట్టాను. అడుగున వెల్డింగ్ మూలల్లో కూడా రంగు ఉబ్బింది, తుప్పు పట్టకుండా ముందు కొట్టే రెడ్ ఆక్సైడ్ సరిగ్గా కొట్టకుండానే పైరంగు వేసేసినట్టున్నారు. లోపలి తలుపుకి మాత్రం ఏమీ కాలేదు, ఎందుకో మరి.

2024 ఎన్నికలప్పుడు లాకర్ ఖాళీ అయింది. మార్చి 16న షెడ్యూలు రాగానే కోడ్ మొదలు, లైసెన్సు తుపాకుల జాబితాను జిల్లా స్క్రీనింగ్ కమిటీ చూస్తుంది, బ్యాంకు గార్డుల్లాంటివాళ్లకి మినహాయింపు, మాలాంటివాళ్లకి స్టేషన్ నుంచి ఫోన్. తూటాలు తీసేసి, కవరులో పెట్టి, కార్లో వెనక సీట్లో వేసుకుని వెళ్లి అప్పగించి రసీదు తెచ్చుకున్నాను. బయట తుపాకీ బయటికి కనిపించేలా తీసుకెళ్లకూడదు, పూర్తిగా కప్పి ఉంచాలి. జూన్ 4న కౌంటింగ్ అయ్యేదాకా, ఆ తర్వాత కూడా కొన్నాళ్లు, మా లాకర్‌లో గాలి తప్ప ఏం లేదు. అప్పుడు మా అత్తయ్యగారికి ఆలోచన వచ్చింది. "అంత గట్టి పెట్టె ఊరికే పడుంది కదమ్మా, బంగారం అందులో పెట్టుకుందాం, బ్యాంకు లాకర్ అద్దె మిగులుతుంది" అన్నారు. సరేనన్నాను. తుపాకీ తిరిగొచ్చాక తంటా మొదలైంది. పెళ్లికి గొలుసు కావాలంటే నేనే తీయాలి, నేను ఆఫీసులో ఉంటే ఆవిడ ఎదురుచూడాలి, చివరికి "ఆ తాళంచెవి ఒకటి నా దగ్గర ఉంటే ఏం పోతుందే" అనేదాకా వచ్చింది. బంగారం మళ్లీ బ్యాంకుకే వెళ్లింది. లైసెన్సు లేనివాళ్లకి రోజూ అవసరమయ్యే వస్తువు ఏదీ ఈ లాకర్‌లో పెట్టకండి, దొంగల కన్నా ముందు ఇంట్లోవాళ్లే తాళంచెవి అడుగుతారు.

అన్నయ్యకి వీడియో కాల్‌లో చూపిస్తే పడీ పడీ నవ్వాడు. టెక్సాస్‌లో ఇంట్లో తుపాకీకి లైసెన్సే ఉండదట. వాషింగ్టన్ నగరంలో ఒకప్పుడు, ఇంట్లోనైనా సరే తుపాకీని విప్పేసి గానీ ట్రిగ్గర్‌కి తాళం వేసి గానీ ఉంచాలని చట్టం ఉండేదని, 2008లో అక్కడి సుప్రీంకోర్టు అయిదుగురు అవునని నలుగురు కాదని ఆ చట్టాన్ని కొట్టేసిందని చెప్పాడు, ఇంట్లో ఆత్మరక్షణకి అందుబాటులో లేకపోతే ఇక తుపాకీ ఎందుకన్నది ఆ తీర్పు సారాంశం. కానీ అదే టెక్సాస్‌లో 17 ఏళ్లలోపు పిల్లలకి అందేలా లోడ్ చేసిన తుపాకీ వదిలేస్తే నేరమని నేనడిగాకే ఒప్పుకున్నాడు. మన దగ్గర తుపాకీ హక్కు కాదు, అనుమతి. రాత్రిపూట ఇంట్లో దొంగలు పడితే ప్రాణరక్షణ హక్కు ఇక్కడా ఉంది, 2024 జులై నుంచి అమల్లో ఉన్న భారతీయ న్యాయ సంహితలో 34 నుంచి 44 దాకా సెక్షన్లు దానిగురించే. అయితే అవసరానికి మించి హాని చేయకూడదు, పోలీసుల్ని పిలిచే వ్యవధి ఉంటే ఆ హక్కు వర్తించదు. "నువ్వు తాళంచెవి వెతికి, తుపాకీ తీసి, రెండో తాళం తీసి తూటాలు పెట్టేలోపు దొంగ టీ తాగి వెళ్లిపోతాడు" అని మా ఆయన వెక్కిరింపు. వెళ్లిపోనీ, నాకేం నష్టం. తలగడ కింద లోడ్ చేసి పెట్టుకునే తుపాకీ ఉన్న ఇంట్లో నేను నిద్రపోలేను. ఆ టెన్షన్ దొంగ కన్నా ఎక్కువ.

ఇక పెళ్లిళ్లలో గాల్లోకి కాల్చే సరదా ఉన్న బంధువులు ఎవరైనా "ఒక్కసారి ఇవ్వమ్మా" అంటే వాళ్లకి చెప్పడానికి కూడా ఈ లాకర్ పనికొస్తుంది, తాళంచెవి దొరకట్లేదు బాబాయ్ అంటే సరి. అలా సంబరానికి కాల్చి మనుషుల ప్రాణాలకి ముప్పు తెస్తే రెండేళ్ల దాకా జైలు, లేదా లక్ష దాకా జరిమానా, లేదా రెండూ, అదీ 2019 సవరణలో పెట్టిందే.

కొనొచ్చా అంటే, పొడుగు తుపాకీ ఉన్నవాళ్లు కొనొచ్చు, ఈ ధరకి ఇంత దళసరి షీటు రెడీమేడ్‌గా దొరకదు. రివాల్వర్ ఒక్కటే ఉన్నవాళ్లకి ఇంత పెద్దది దండగ. ఆర్డరిచ్చేటప్పుడు ఫెల్టు వద్దని, బందులు లోపలికి కావాలని, తాళం మీరే కొని తెస్తామని ముందే చెప్పండి. మామూలు రంగు బదులు పౌడర్ కోటింగ్‌కి ఇంకో 1,500 అవుతుందన్నారు, నేను వద్దనుకున్నాను, మీరు అనుకోకండి. డెలివరీ వాళ్లు చెప్పిన తేదీకి వారం కలుపుకోండి.