జొన్నరొట్టె రోలా, కొర్రల ఫ్రైడ్ రైసా? రాత్రికి ఏది మేలు?

షుగర్ వచ్చినవాళ్లు, బరువు తగ్గాలనుకునేవాళ్లు ఈమధ్య నన్ను పదే పదే అడుగుతున్నది ఒక్కటే. "రాత్రి అన్నం మానేశాం. కానీ రోజూ ఉత్త రొట్టె, ఆకుకూరే అంటే నోరు ఒప్పుకోవట్లేదు. పిల్లలేమో బండి మీది ఫ్రైడ్ రైసే కావాలంటున్నారు. ఇంట్లో అందరం కలిసి తినేది ఏం చేయాలి?" ఎక్కువమంది రెండింటి దగ్గర ఆగుతున్నారు. జొన్నరొట్టెలో పనీరో గుడ్డో పెట్టి రోల్ చేయడం, లేదా బియ్యం బదులు కొర్రలతో ఫ్రైడ్ రైస్ చేయడం. మా ఇంట్లో రెండూ వండుతాం.

చిరుధాన్యాలు తింటే కేలరీలు సగానికి తగ్గుతాయని చాలామంది అనుకుంటారు. అది నిజం కాదు. వంద గ్రాముల బియ్యమైనా, జొన్నలైనా, కొర్రలైనా ఇంచుమించు 330 నుంచి 350 కేలరీలే. తేడా పీచులో ఉంది, కొంత ప్రొటీన్‌లో ఉంది. పీచు వల్ల కడుపు తొందరగా నిండుతుంది, షుగర్ నెమ్మదిగా పెరుగుతుంది. ధాన్యం మార్చినంత మాత్రాన పని అయిపోదు కాబట్టి నేను ముందు చూసేది ఇంకొకటి. ఎంత తింటున్నామో తినేటప్పుడు మనకు తెలుస్తుందా?

రొట్టె తింటే తెలుస్తుంది. మా ఇంట్లో ఒక రొట్టెకు 50 గ్రాముల పిండి పడుతుంది, అంటే సుమారు 170 కేలరీలు. కాల్చడానికి నూనె చుక్క అక్కర్లేదు. రెండు తింటే రెండే అని లెక్క ఉంటుంది. మూడోది కావాలంటే మళ్లీ పిండి కలిపి, తట్టి, కాల్చాలి. ఆలోపు కడుపు నిండిన సంగతి తెలిసిపోతుంది. ఫ్రైడ్ రైస్‌లో ఆ లెక్క దొరకదు. మూకుట్లో ఉన్నంతసేపు ఇంకో గరిటె పడుతూనే ఉంటుంది. పైగా అడుగంటకూడదని, మెతుకు విడివిడిగా రావాలని నూనె పోస్తూ పోతాం. ఒక్క టేబుల్ స్పూన్ నూనె 120 కేలరీలు, అంటే ముప్పావు రొట్టెకు దగ్గర.

బీపీ ఉన్నవాళ్లు సోయా సాస్ కూడా చూసుకోవాలి. టేబుల్ స్పూన్ సాస్‌లో 900 మిల్లీగ్రాముల దాకా సోడియం ఉంటుంది. రోజు మొత్తానికి 2000 దాటొద్దని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. అందుకే నేను సాస్ సగానికి తగ్గించి, మిగతా రుచి నిమ్మకాయతో సరిపెడతాను.

అయితే రోల్ అందరికీ కుదరట్లేదు, విరిగిపోతోందని అంటారు. జొన్నపిండిలో గోధుమకుండే జిగురు లేదు. ఆ పట్టు మరిగే నీళ్లతోనే రావాలి. నీళ్లు తెర్లేటప్పుడు పిండిలో పోసి గరిటెతో కలిపి, చేయి పట్టే వేడికి రాగానే అరచేతి మడమతో బాగా మర్దించాలి. అంచులు పగలకుండా ఉండ వస్తే రొట్టె కూడా పగలదు. పెనం మీద వేశాక పైన తడిగుడ్డతో నీళ్లద్ది, ఆ తడి ఆరకముందే తిప్పాలి. కాలిన రొట్టెను వెంటనే బట్టలో చుట్టి పెట్టాలి. కరకరలాడేలా కాలిస్తే కూరలో ముంచుకోవడానికి బాగుంటుంది కానీ రోల్‌కు పనికిరాదు. మెత్తగా ఉన్నప్పుడే, గట్టిగా చుట్టకుండా మడిస్తే చాలు.

లోపలికి రెండు టీస్పూన్ల నూనెలో ఉల్లిగడ్డ, క్యాప్సికమ్, పచ్చిమిర్చి గోలించి, తురిమిన పనీరు గానీ గుడ్లు గానీ వేస్తాను. మయోనైజ్ బదులు బట్టలో వడకట్టిన గట్టి పెరుగులో ఎల్లిగడ్డ, మిరియాల పొడి, ఒక చెంచా పల్లికారం కలుపుతాను. పల్లి పండే పాలమూరులో ఉండి సీసా మయోనైజ్ కొనడానికి నాకు మనసొప్పదు. పిల్లలు రొట్టె కంటే ముందు ఆ పెరుగే నాకేస్తారు.

కొర్రలను తీసిపారేయలేం. మిర్యాలగూడ బియ్యం తిని పెరిగిన నల్లగొండ ఇళ్లలో రొట్టె తట్టడం అలవాటు లేనివాళ్లు ఎక్కువ. వాళ్లకు అన్నంలా ఉండే కొర్రలే సులువు. పళ్లు లేని పెద్దవాళ్లకూ అంతే. పొద్దున నానబెట్టిన కొర్రలను రెండింతల నీళ్లతో వండి, పళ్లెంలో పరిచి పూర్తిగా చల్లారనివ్వాలి. వేడివేడిగా మూకుట్లో వేస్తే ముద్దవుతాయి. కొర్రలు ఎన్ని ఉంటే కూరగాయలూ అన్నే వేసి, మనిషికో గుడ్డు కొట్టి, నూనె చెంచాతో కొలిచి పోయండి. ముఖ్యంగా పొయ్యి దగ్గరే పళ్లేల్లో వడ్డించి, మూకుడు పక్కన పెట్టేయండి.

ఓట్స్ ఉప్మా, ఓట్స్ పిజ్జా తప్పేం కాదు, కానీ ఇంట్లో జొన్నపిండి ఉండగా వాటికోసం వెతకక్కర్లేదు. మిల్లెట్ నూడుల్స్ కొంటే ప్యాకెట్ వెనక చదవండి, మొదటి పేరు గోధుమపిండో మైదానో అయితే అక్కడే పెట్టేయండి. కాలిఫ్లవర్ తురుముతో చేసే అన్నం ఒకపూటకు పర్వాలేదు, ఇంటిల్లిపాదికీ ఆకలి ఆగదు.

మా ఇంట్లో ఎక్కువ రాత్రులు రోలే. పొద్దుటి కొర్రన్నం మిగిలిన రోజు ఫ్రైడ్ రైస్. చలికాలం అనపకాయలు వచ్చాయంటే పనీరు కొనడం మానేస్తాను. ఉడికించిన అనపగింజలను ఉల్లిగడ్డతో గోలించి, అదే పెరుగు రాసి రొట్టెలో మడుస్తాను.