ఒకటే జెర్సీనా, పదమూడు జెర్సీలా: ఏది మేలు?

2023 జూన్‌లో అమెరికా బాస్కెట్‌బాల్ లీగ్ ఎన్‌బీఏ ఫైనల్స్ జరిగినన్నాళ్ళూ మా ఇంట్లో తెల్లవారి ఐదున్నరకో ఆరింటికో టీవీ పెట్టేవాళ్ళం. తొమ్మిదో తరగతి అయిపోయి, సెలవులకు కోవూరు నుంచి నెల్లూరులో మా ఇంటికి వచ్చిన అక్క కొడుకు నా పక్కనే కూర్చునేవాడు. డెన్వర్‌కూ మియామీకీ పోటీ. అందరూ ఆ జట్ల స్టార్లు యోకిచ్‌నూ జిమ్మీ బట్లర్‌నూ చూస్తుంటే వీడు బెంచీ మీద కూర్చున్న ఒకాయన్ని చూపించి, "మామా, ఈయనేంది ఇంత పెద్దాయన?" అన్నాడు.

ఆయన మియామీ ఆటగాడు యుడోనిస్ హాస్లెం. ఆ సిరీస్ మూడో మ్యాచ్ ముగియడానికి అర నిమిషం కూడా లేదనగా కోర్టులోకి వచ్చాడు. 43 నిండడానికి రెండు రోజులే ఉంది. ఫైనల్స్‌లో ఆడినవాళ్ళందరిలోకీ పెద్ద వయసు అతనిదే అయింది. 20 సీజన్లు, ఒక్కటే జట్టు. పుట్టింది కూడా మియామీలోనే.

అవతలి బెంచీ మీద డెన్వర్ తరఫున ఇష్ స్మిత్ ఉన్నాడు. ఆరడుగుల మనిషి, పాయింట్ గార్డ్, అంటే బంతి తెచ్చి ఆట నడిపించేవాడు. అతనికి అది పదమూడో జట్టు. అంతకుముందు 12 జట్లకు ఆడినవాళ్ళు నలుగురున్నారు: చకీ బ్రౌన్, జిమ్ జాక్సన్, టోనీ మాసెన్‌బర్గ్, జో స్మిత్. పదమూడో జెర్సీ వేసుకుని ఆ రికార్డు దాటినవాడు ఇష్ స్మిత్.

ఈ ఇద్దరినే పోల్చడానికి కారణం ఉంది. జట్లు ఏటా వంతులవారీగా కొత్త ఆటగాళ్ళను ఎంచుకునే డ్రాఫ్ట్‌లో ఇద్దరినీ ఎవరూ తీసుకోలేదు. హాస్లెంను 2002లో వదిలేశారు, స్మిత్‌ను 2010లో. ఇద్దరూ సున్నా దగ్గర మొదలైనవాళ్ళే. ఒకడు ఒకచోట వేళ్ళూనుకున్నాడు, ఇంకొకడు దేశమంతా తిరిగాడు. చివరికి ఒకే ఫైనల్లో ఎదురెదురు బెంచీల మీద కూర్చున్నారు. డెన్వర్ 4-1తో గెలిచి, తిరిగినవాడి చేతికీ టైటిల్ వచ్చింది.

ఆ పిల్లాడు ఇప్పుడు ఇంటర్ రెండో సంవత్సరం. వాడూ గార్డే. ఇంటర్ తర్వాత నెల్లూరులోనే డిగ్రీలో చేరి, ఏసీ సుబ్బారెడ్డి స్టేడియంలో అలవాటైన కోచ్ దగ్గర, అలవాటైన స్నేహితులతో ఆడుకోవడమా? చెన్నై పోయి, అక్కడినుంచి ఏ జట్టు పిలిస్తే ఆ జట్టుకు పోతూ ఉండడమా? మా ఇంట్లో రెండు నెలలుగా ఇదే మాట నడుస్తోంది.

బావ రైతు. ఆయనకు తిరుగుడు అంటేనే గిట్టదు. తిరిగే కాలు, తిట్టే నోరు ఊరుకోవనే సామెత రోజుకొకసారి అంటాడు. ఒకరోజు నేను నారు ఉదాహరణ చెప్పబోయాను: నారుమడిలోనే ఉంచితే వరి పండదు గదా బావా, పీకి నాటాలి గదా అని. ఆయన వెంటనే అందుకున్నాడు. "ఒకసారి పీకి నాటితే పండుద్ది అబ్బయా. పదమూడు మార్లు పీకితే ఏం మిగులుద్ది?"

ఆ మాట నన్ను చాలా రోజులు వదల్లేదు. నిజంగా ఏం మిగులుతుంది?

ముందు తిరుగుడులో ఉన్న కష్టం చెప్పాలి. ట్రేడ్ అంటే ఆటగాడు ఉద్యోగం మారడం కాదు. అతని కాంట్రాక్టును ఒక జట్టు ఇంకో జట్టుకు ఇచ్చేస్తుంది, మామూలుగా అతని ఒప్పుదల అక్కర్లేదు. నన్ను ట్రేడ్ చేయకూడదు అనే షరతు రాయించుకోవాలంటే కనీసం 8 ఏళ్ళు లీగ్‌లో, అందులో 4 ఏళ్ళు ఆ జట్టులో ఆడి ఉండాలి. అలా రాయించుకున్నవాళ్ళు వేళ్ళ మీద లెక్కపెట్టేంత మంది, అదీ కోబీ బ్రయంట్, నొవిట్స్కీ లాంటి పెద్దవాళ్ళు. కింది వరసలో ఉన్నవాళ్ళకు పది రోజుల కాంట్రాక్టులు ఉంటాయి. పది రోజులు లేదా మూడు మ్యాచ్‌లు, ఏది ఎక్కువైతే అంతవరకు. ఒక జట్టు ఒక సీజన్లో ఒక మనిషిని ఇలా రెండుసార్లే తీసుకోవచ్చు. ఆ తర్వాత కావాలంటే సీజన్ చివరిదాకా ఉంచుకోవాలి, లేదంటే వదిలేయాలి. పందొమ్మిదో రోజు రాత్రి ఆ మనిషికి నిద్ర పట్టదని నా నమ్మకం.

స్మిత్ విషయమే చూడండి. 2022 ఫిబ్రవరిలో సొంత ఊరు షార్లట్ జట్టులో ఆడుతుంటే వాషింగ్టన్‌కు పంపేశారు. జూలైలో వాషింగ్టన్ వాళ్ళు డెన్వర్‌కు పంపారు. ఆరు నెలల్లో మూడు ఊళ్ళు. ఉన్న ఊరు కన్నతల్లి అంటాం మనం. కన్నతల్లి ఒళ్ళోంచే తీసి పంపితే ఎంత టెన్షన్ పడి ఉంటాడో!

అయితే లెక్క చూస్తున్నప్పుడు నాకొకటి కనిపించింది. ఫిలడెల్ఫియా, వాషింగ్టన్, షార్లట్ జట్లు అతన్ని ఒకసారి వదిలేశాక మళ్ళీ తీసుకున్నాయి. 2015 డిసెంబర్‌లో ఫిలడెల్ఫియా ఆడిన 31 మ్యాచ్‌లలో 30 ఓడిపోయి ఉంది. అప్పుడు వాళ్ళు న్యూ ఆర్లీన్స్‌కు రెండు రెండో రౌండ్ డ్రాఫ్ట్ అవకాశాలు ఇచ్చి మరీ ఇతన్ని వెనక్కి తెచ్చుకున్నారు. ఆ ఏడాది జట్టు మొత్తం 10 గెలుపులతోనే ముగించిందనుకోండి, ఒక్కడు ఏం చేస్తాడు. కానీ కుర్రాళ్ళకు బంతి అందించేవాడు లేక విలవిల్లాడుతున్నప్పుడు వాళ్ళకు గుర్తొచ్చిన మనిషి ఇతనే. పనికిరాడని వదిలేస్తే మళ్ళీ పిలవరు. అందుకే పదమూడు జట్లు అన్న అంకెను పదమూడు చోట్ల వద్దన్నారు అని చదవకూడదు. పదమూడు చోట్ల రమ్మన్నారు అని చదవాలి.

పాయింట్ గార్డ్‌కు కొత్త జట్టు అంటే ఎంత పనో ఆడినవాళ్ళకు తెలుస్తుంది. ప్రతి కోచ్‌కూ తన ఆట పద్ధతులు, వాటికి తను పెట్టుకున్న పేర్లు, చేతి సైగలు. అదే స్క్రీన్‌ను (తోటివాడికి దారి ఇవ్వడానికి ఎదుటివాడికి అడ్డంగా నిలబడడాన్ని) ఒక జట్టులో ఒక మాటతో పిలుస్తారు, ఇంకో జట్టులో మరో మాటతో. బుట్ట దగ్గర ఆడే పొడుగాటి సెంటర్‌కు బంతి పైకి విసిరితే ఇష్టమా, నేల మీద బౌన్స్ చేసి ఇస్తే ఇష్టమా? షూటర్ ఏ మూల నిలబడితే చేయి బాగా పడుతుంది? ఇవన్నీ వారంలో పట్టేయాలి. బంతి నీ చేతిలో ఉంటుంది కాబట్టి నీకు తెలియకపోతే మిగతా నలుగురూ నిలబడిపోతారు. పదమూడుసార్లు ఇది చేసినవాడి తల ఎంత పదునుగా ఉండాలి!

ఇక హాస్లెం వైపు వద్దాం. అతన్ని తక్కువ చేయడానికి నాకు మనసొప్పదు. 2010లో డాలస్, డెన్వర్ జట్లు అతనికి సుమారు 34 మిలియన్ డాలర్లు ఇస్తామన్నాయి. పెద్ద స్టార్లు లెబ్రాన్ జేమ్స్, క్రిస్ బాష్ మియామీకి వస్తున్నారు, డ్వేన్ వేడ్ ఉండిపోతున్నాడు, జీతాల పరిమితిలో మియామీ దగ్గర పెద్దగా మిగల్లేదు. అయినా 20 మిలియన్లకే అక్కడే ఉండిపోయాడు. 2006, 2012, 2013లో మూడు టైటిళ్ళు గెలిచిన జట్లలో ఉన్నాడు. 2012లో మియామీ చరిత్రలో అప్పటికి అందరికంటే ఎక్కువ రీబౌండ్లు (బుట్టలో పడక తిరిగొచ్చిన బంతులు) తీసినవాడయ్యాడు. 2024 జనవరిలో అతని 40వ నంబర్ జెర్సీని స్టేడియంలో పైకి కట్టారు. ఇక ఆ నంబర్ ఎవరికీ ఇవ్వరు. స్మిత్‌కు ఆ గౌరవం ఏ ఊళ్ళోనూ దొరకదు. ఇక్కడ హాస్లెం గెలిచాడు, అందులో వాదన లేదు.

కానీ బావకు నేను చెప్పిన సంగతి ఇంకోటి ఉంది. డ్రాఫ్ట్‌లో ఎవరూ తీసుకోకపోతే హాస్లెం ముందు ఎక్కడికి పోయాడు? ఫ్రాన్స్. షలోన్ అనే ఊరి జట్టుకు ఒక సీజన్ ఆడి, ఒళ్ళు బాగా తగ్గించుకుని, ఆ తర్వాతే 2003లో మియామీ జట్టులోకి వచ్చాడు. జీవితమంతా ఒకే జెర్సీ అని మనం మెచ్చుకునే మనిషి కూడా ముందు సముద్రం దాటి పోయినవాడే. ఇంట గెలిచి రచ్చ గెలవమంటారు పెద్దలు. అతను రచ్చకు పోయి వచ్చి ఇంట గెలిచాడు.

ఇంకో మాట. ఒకే జట్టులో ఉండిపోవడం ఆటగాడి చేతిలో లేదు. యజమాని మారకూడదు, కోచ్‌కు నచ్చాలి, మోకాలు బాగుండాలి, నీకంటే చవకగా ఇంకొకడు దొరకకూడదు. అది దొరికితే అదృష్టం. పదిహేడేళ్ళ పిల్లాడు దొరుకుతుందో లేదో తెలియని దానికోసం తయారవ్వాలా, తప్పకుండా ఎదురయ్యేదానికోసం తయారవ్వాలా?

మన దేశంలో ఈ లెక్క కొంచెం వేరు. ఏళ్ళ తరబడి నిలబడిన ప్రొఫెషనల్ లీగ్ మనకు లేదు. యూబీఏ అనే లీగ్ 2015లో మొదలై కొన్నేళ్ళకే ఆగిపోయింది. భారత బాస్కెట్‌బాల్ ఫెడరేషన్ వాళ్ళ లీగ్ ఐఎన్‌బీఎల్ 2022లో వచ్చింది. కాబట్టి మన దగ్గర ఒకే జెర్సీ అంటే ఉద్యోగమిచ్చి ఆడించే రైల్వేస్, ఓఎన్‌జీసీ, సర్వీసెస్ (సైనిక దళాలు), బ్యాంకులు. దక్షిణ రైల్వేలో పనిచేసిన అనిత పాల్‌దురై 19 ఏళ్ళకే భారత జట్టు కెప్టెన్ అయి, 18 ఏళ్ళు దేశానికి ఆడింది. 2021లో పద్మశ్రీ వచ్చింది. మనకు హాస్లెంతో పోల్చదగిన మనిషి ఆవిడ.

తిరిగినవాళ్ళలో అందరికీ తెలిసిన పేరు సత్నాం సింగ్. పంజాబ్‌లో బల్లోకే అనే పల్లె నుంచి అమెరికా పోయి, 2015లో డాలస్ జట్టు 52వ ఎంపికగా ఎన్‌బీఏ డ్రాఫ్ట్‌లో తీసుకున్న మొదటి భారతీయుడయ్యాడు. ఎన్‌బీఏలో ఒక్క మ్యాచ్ కూడా ఆడనివ్వలేదు. కింది స్థాయి లీగ్‌లో టెక్సస్ లెజెండ్స్ జట్టు, తర్వాత కెనడా లీగ్, చివరికి రెజ్లింగ్. ఏడడుగుల పైన ఎత్తున్నవాడికే అలా అయితే ఐదడుగుల పదకొండు అంగుళాల మనవాడి సంగతేమిటని బావ అడిగాడు. న్యాయమైన ప్రశ్న. విదేశీ లీగ్‌లలో జీతాలు ఎగ్గొట్టే క్లబ్బులూ ఉన్నాయి. ఆ తగాదాలు తీర్చడానికి ప్రపంచ బాస్కెట్‌బాల్ సంస్థ ఫిబా వాళ్ళు ప్రత్యేకంగా ఒక ట్రిబ్యునల్ పెట్టాల్సి వచ్చిందంటే ఆలోచించండి.

నా మనసుకు దగ్గరైన దారి విశేష్ భృగువంశీది. వారణాసి కుర్రాడు, గార్డ్, ఓఎన్‌జీసీ ఉద్యోగి. ఉద్యోగం చేతిలో ఉండగానే 2017లో ఆస్ట్రేలియాలో అడిలైడ్ జట్టు అతనికి శిక్షణ కాంట్రాక్టు ఇచ్చింది. 2020లో అర్జున అవార్డు వచ్చింది. కాలు ఒకటి గట్టు మీద, ఒకటి నీళ్ళలో. కాకపోతే ఇందులో తిరకాసు వయసు. రైల్వే స్పోర్ట్స్ కోటాలో 18 నుంచి 25 ఏళ్ళ లోపు వాళ్ళనే తీసుకుంటారు, సడలింపు లేదు. ఎప్పుడో ఆడిన సర్టిఫికెట్లు కాదు, ఇటీవలి ఆట చూస్తారు. అంటే పెద్ద పోటీల్లో కనపడాల్సింది ఈ ఏడేళ్ళలోనే. నెల్లూరు కోర్టులో ఎంత బాగా ఆడినా ఆ సర్టిఫికెట్ రాదు.

ఇది నాకు పుస్తకంలో తెలిసింది కాదు. 21 ఏళ్ళప్పుడు చెన్నైలో ఒక జట్టు నన్ను స్టైపెండ్ మీద ఆడమని పిలిచింది. ఇల్లు వదిలి పోలేదు. పదేళ్ళు ఇక్కడే, అవే సాయంత్రాలు, అదే కోర్టు, అదే పదిమంది మీద ఆడాను. నా ఎడమచేతి డ్రిబుల్ బలహీనమని వాళ్ళందరికీ తెలుసు. వాళ్ళలో ఎవరు ఎటు తిరుగుతారో నాకు తెలుసు. ఒకరికొకరం తెలిసిపోయాం కాబట్టి ఎవరమూ కొత్తది నేర్చుకోలేదు. ఎవరో తెలియని మనిషి ఎదురుగా నిలబడి నా కుడివైపు మూసేస్తే తప్ప నా ఎడమచేయి పనిచేయడం మొదలుపెట్టదు. ఆ మనిషి నాకు ఎదురుపడలేదు. 25 దాటిపోయింది. ఆ కోర్టు మీద నాకు ప్రేమ ఉంది, ఇప్పటికీ సాయంత్రాలు పోతాను. కానీ అక్క కొడుకు ఎడమచేతి వైపు చూసినప్పుడల్లా గుండె చివుక్కుమంటుంది, ఎందుకంటే అది అచ్చం నా చేయే.

అందుకని నా మాట తిరుగుడు వైపే. పాతికేళ్ళు నిండేలోపు ఎన్ని జట్లయితే అన్ని జట్లు, ఎంతమంది కోచ్‌లయితే అంతమంది. మధ్యలో డిపార్ట్‌మెంట్ ఉద్యోగం వస్తే కళ్ళకద్దుకుని తీసుకోవాలి, ఆ తర్వాత ఒకటే జెర్సీ వేసుకుని ఎన్నేళ్ళయినా ఆడొచ్చు. బావ నారు లెక్కకు కూడా జవాబు దొరికింది. వరి మొక్క తనంతట తాను నడవలేదు, మనిషి పోయి తిరిగి రాగలడు. స్మిత్‌ను 2022లో పంపేసిన సొంత ఊరి జట్టే 2023 నవంబర్‌లో మళ్ళీ పిలిచి జెర్సీ ఇచ్చింది. ఈ మాట చెప్తే బావ కాసేపు ఏమీ మాట్లాడలేదు.

వచ్చే నెలలో చెన్నైలో రెండు కాలేజీల సెలక్షన్లు ఉన్నాయి. పిల్లాడు రోజూ పొద్దున అరగంట ఎడమచేత్తోనే బంతి కొడుతున్నాడు, కుడిచేయి నడుము వెనక పెట్టుకుని. అక్క ఒప్పుకుంది. బావ ఇంకా సరే అనలేదు. నిన్న రాత్రి మాత్రం ఫోన్ చేసి, చెన్నై పోయే పినాకిని రైలు నెల్లూరులో ఎన్నింటికి ఎక్కాలో అడిగాడు.