నడుము నొప్పి కోడింగ్: ఎం54.5, ఎంజీ30.02 మధ్య పోలిక

ప్రపంచ ఆరోగ్య సంస్థ రూపొందించిన వ్యాధుల వర్గీకరణ ఐసీడీ-10లో నడుము నొప్పికి వాడే ఎం54.5 కోడ్ నొప్పి ఎక్కడుందో చెబుతుందే గాని, ఎన్నాళ్లుగా ఉందో చెప్పదు. నిన్న బరువెత్తి నడుము పట్టేసిన మనిషికీ, ఆరేళ్లుగా పక్కకు తిరిగి పడుకోలేకపోతున్న మనిషికీ రికార్డులో పడేది అదే కోడ్.

2022 జనవరి 1న అమల్లోకి వచ్చిన ఐసీడీ-11లో మాత్రం, మూడు నెలలకు మించి కొనసాగుతూ లేదా తిరగబెడుతూ, మనోవేదననో రోజువారీ పనులకు ఆటంకాన్నో కలిగిస్తూ, వేరే వ్యాధితో సరిగా వివరించలేని నొప్పిని ఎంజీ30.02 కింద, అంటే కండరాలు, ఎముకలకు సంబంధించిన దీర్ఘకాలిక ప్రాథమిక నొప్పిగా నమోదు చేస్తారు. వెన్నెముక కీళ్ల వాపు వంటి కారణం తేలితే ఎంజీ30.3 వర్తిస్తుంది. నొప్పి తీవ్రతను, దానివల్ల కలిగే వేదనను, పనులకు ఆటంకాన్ని అదనపు కోడ్‌లతో జతచేయవచ్చు. స్కానింగులో ఏమీ కనబడలేదని నొప్పిని కొట్టిపారేయకుండా, దానినే ఒక వ్యాధిగా గుర్తించడం నాకు ఎంతో విలువైన మార్పుగా తోస్తుంది.

అయితే కేసు షీటులో వైద్యుడు ‘నడుము నొప్పి’ అని మాత్రమే రాస్తే, రికార్డులకు కోడ్‌లు వేసే కోడర్ వ్యవధిని ఊహించకూడదు కాబట్టి ఐసీడీ-11లోనూ ఉత్త నడుము నొప్పికి వాడే ఎంఈ84.2 దగ్గరే ఆగాలి. ‘ఐదు నెలలుగా ఉంది, పరీక్షల్లో కారణం తేలలేదు, వంగి పని చేసుకోలేకపోతున్నారు’ అన్న ఒక్క వాక్యం ఉంటే ఎంజీ30.02కు తగిన ఆధారం దొరుకుతుంది.