సోమవారం అజంతా మూసి ఉంటుంది

మిగతాది చదివినా చదవకపోయినా ఈ ఒక్క ముక్క గుర్తుపెట్టుకోండి. అజంతా గుహలకు సోమవారం సెలవు, ఎల్లోరాకు మంగళవారం సెలవు. ఇది నిన్నో మొన్నో పెట్టిన రూలు కాదు, ఏళ్ల తరబడి ఉన్నదే. అయినా మాకు ప్యాకేజీ అమ్మిన హైదరాబాదు ట్రావెల్స్ ఆయన ఆదివారం ఎల్లోరా, సోమవారం అజంతా అని కాగితం మీద రాసిచ్చి, మనిషికి 5,500 చొప్పున నలుగురికి 22,000 రూపాయలు ముందే కట్టించుకున్నాడు. రైలు టికెట్లు అందులో లేవు.

నలుగురం అంటే నేను, మావారు, ఇంటర్ మొదటి సంవత్సరం చదివే మా అబ్బాయి, 68 ఏళ్ల మా అత్తయ్య. అత్తయ్య వస్తానన్నదే ఎల్లోరా పక్కన ఘృష్ణేశ్వర జ్యోతిర్లింగం ఉందని. "గుహలు, బొమ్మలు మీరు చూసుకోండి, నేను కారులో కూర్చుంటా" అని ఇంట్లో బయలుదేరేటప్పుడే చెప్పేశారు. మోకాళ్ల నొప్పి ఒక కారణం, ఆసక్తి లేకపోవడం ఇంకో కారణం.

శనివారం సాయంత్రం కాచిగూడలో అజంతా ఎక్స్‌ప్రెస్ ఎక్కితే తెల్లవారేసరికి ఔరంగాబాద్‌లో ఉన్నాం. ఇప్పుడు పేరు ఛత్రపతి శంభాజీనగర్. స్టేషన్ దగ్గరి హోటల్ ఫర్వాలేదు, దుప్పట్లు శుభ్రంగా ఉన్నాయి, వేడినీళ్లు వచ్చాయి. ఘృష్ణేశ్వర దర్శనం గంటలోపే అయిపోయింది. గర్భగుడిలోకి వెళ్లాలంటే మగవాళ్లు చొక్కా విప్పాలి, అది తెలిసే వెళ్లాం.

అసలు బాధ ఆ తర్వాత మొదలైంది. ప్యాకేజీలో "అనుభవజ్ఞుడైన గైడ్" అని రాసి ఉంది. వచ్చిన కుర్రాడి మెడలో గుర్తింపు కార్డు లేదు. ఎల్లోరాలోని కైలాస ఆలయంలోకి అడుగుపెట్టగానే అతను చెప్పిన మొదటి మాట, ఇది మనుషులు చెక్కింది కాదు, ఏలియన్లు వచ్చి ఏదో యంత్రంతో రాయిని ఆవిరి చేశారు అని. తర్వాత మమ్మల్ని ఏనుగు ముందు నిలబెట్టి ఫొటోలు తీశాడు. ధ్వజస్తంభం ముందు మళ్లీ ఫొటోలు. మొత్తం 25 నిమిషాలు. మిగతా గుహల సంగతేంటని మావారు అడిగితే, అన్నీ ఒకేలా ఉంటాయి, జైన గుహలు దూరం, అక్కడ ఏమీ ఉండదు అన్నాడు. అక్కడినుంచి నేరుగా చీరల షాపుకు తీసుకెళ్లాడు. కైలాసానికి 25 నిమిషాలిచ్చిన మనిషి పైఠణీ చీరల షాపులో గంటా ఇరవై నిమిషాలు కదల్లేదు. నాకు చేనేత అంటే ఇష్టమే. పైఠణ్ అంటే శాతవాహనుల ప్రతిష్ఠానపురం, ఆ నేత మీద నాకు గౌరవం కూడా ఉంది. కానీ నేను డబ్బు కట్టింది దానికి కాదు. ఏమీ కొనకుండా బయటికి వస్తుంటే అతని ముఖం మాడిపోయింది.

ఏలియన్ల మాట నాకు ఇప్పటికీ మంటగానే ఉంది. ఆ ప్రాంగణం చుట్టూ గోడల మీద ఉలి గాట్లు కంటికి కనిపిస్తున్నాయి. ఏళ్ల తరబడి కొండ మీద కూర్చుని రాయి కొట్టిన మనుషుల పని అది. వాళ్ల పేర్లు ఎలాగూ మనకు దక్కలేదు. చేసిన పని కూడా వాళ్లది కాదంటే ఎలా?

తిరుగు దారిలో డ్రైవరే నెమ్మదిగా అడిగాడు, "రేపు అజంతా బంద్ కదా సాబ్, మరి ప్రోగ్రాం ఏంటి?" అని. కారులో ఎవరికీ మాట రాలేదు. మావారు ట్రావెల్స్ ఆయనకు ఫోన్ చేస్తే, అయ్యో అన్న మాట కూడా అనకుండా, దాని బదులు దౌలతాబాద్ కోట, బీబీ కా మఖ్బరా చూసేయండి సార్, అవీ ఫేమస్సే అన్నాడు. మీ ప్యాకేజీ సోమవారంతో అయిపోతుంది, ఒకరోజు ఎక్కువ ఉంటే ఖర్చు మీదే అన్నాడు. సోమవారం రాత్రి రైలుకు తిరుగు టికెట్లు ఉన్నాయి. మావారు వెళ్లిపోదాం అన్నారు. మా అబ్బాయి మాట్లాడటం మానేశాడు. వాడు స్కూల్లో అజంతా మీద ప్రాజెక్టు చేశాడు, అప్పటినుంచీ అడుగుతున్నాడు. చివరికి తేల్చింది అత్తయ్య. "పిల్లాడు బాధపడుతుంటే పైసలు చూస్తావా?" అన్నారు కొడుకుతో. అంతే, ఉండిపోయాం.

దానికి అయిన ఖర్చు ఇది. టికెట్లు రద్దు చేస్తే పోయింది 780. మంగళవారం రాత్రికి సోమవారం పొద్దున పదింటికి కూర్చుని తత్కాల్‌లో తీసుకుంటే, పాత ధర కన్నా 1,480 ఎక్కువ. హోటల్లో ఇంకో రాత్రికి రెండు గదులు 3,600. మంగళవారం అజంతాకు కారు 3,800. మొత్తం 9,660 రూపాయలు, క్యాలెండర్ చూడని ఒక మనిషి వల్ల.

సోమవారం ప్యాకేజీ కారు ఎలాగూ మాదే కాబట్టి, షాపులు వద్దు, మళ్లీ ఎల్లోరాకే పోనివ్వమన్నాం. ఈసారి మెడలో కార్డు ఉన్న గైడ్‌ను చూసి మాట్లాడుకున్నాం, పూటకు 1,500. రిటైరైన టీచర్‌లా ఉన్నారాయన. ఆయన మమ్మల్ని గుడిలోకి తీసుకెళ్లలేదు. పక్కనున్న కాలిబాటలో కొండ పైకి ఎక్కించారు. "కట్టినవాళ్లు ఎక్కడ మొదలుపెట్టారో అక్కడినుంచి చూడండి" అన్నారు. పైనుంచి చూస్తే అర్థమైంది. కింద పునాది తీసి పైకి లేపిన గుడి కాదు. కొండ నెత్తిన మొదలుపెట్టి శిఖరం, కప్పు, గోడలు, చివరికి నేల, ఇలా కిందికి చెక్కుకుంటూ వచ్చారు. ఒక్క దెబ్బ తప్పినా తిరిగి అతికించేది లేదు. 8వ శతాబ్దంలో రాష్ట్రకూట రాజు మొదటి కృష్ణుడి కాలం పని. ఆ వంశం వాళ్ల ఒక తామ్రశాసనంలో, దీన్ని చేసిన శిల్పే పని అయ్యాక చూసి, ఇది నేనెలా చేయగలిగాను అని ఆశ్చర్యపోయినట్టు రాసి ఉందట. ఆయన ఆ మాట చెబుతుంటే ముందురోజు కుర్రాడు గుర్తొచ్చి నాకు కడుపు రగిలిపోయింది.

కిందికి దిగాక ఒకవైపు గోడ మీద రామాయణం, ఇంకోవైపు భారతం చూపించారు. గుడిని మోస్తున్నట్టు వరసగా నిలబడిన ఏనుగులు, కైలాసాన్ని కుదుపుతున్న రావణుడు, అక్కడక్కడ మిగిలిన తెల్లటి సున్నపు పూత. ఒకప్పుడు గుడంతా పూత పూసి, రంగులు వేసి ఉండేదట. కారులోనే ఉంటానన్న అత్తయ్య ఆ రోజు కర్ర పట్టుకుని కింది భాగమంతా తిరిగారు.

పదో గుహ తప్పకుండా చూడండి. బౌద్ధ చైత్యం, అంటే ప్రార్థనా మందిరం. రాతి కప్పును కొయ్య దూలాల్లా చెక్కారు, అందుకే దాన్ని వడ్రంగి గుడిసె అంటారు అక్కడివాళ్లు. గైడ్ గారు బుద్ధుడి ముందు నిలబడి "బుద్ధం శరణం గచ్ఛామి" అని ఒక్కసారి అన్నారు. ఆ గొంతు కప్పంతా తిరిగి మా మీదికి వచ్చింది. "ఏమీ ఉండదు" అన్న జైన గుహల్లో 32వది ఇంద్రసభ. పై అంతస్తు కప్పులో చెక్కిన పద్మాన్ని చూస్తూ మావారు మెడ పట్టేసేదాకా నిలబడ్డారు. నిజానికి అందులో ఉన్నది ఇంద్రుడు కాదు, ఏనుగు మీద కూర్చున్న మాతంగ యక్షుడు. ఎవరో ఇంద్రుడనుకున్నారు, ఆ పేరే ఉండిపోయింది.

మంగళవారం పొద్దున ఆరున్నరకే అజంతాకు బయలుదేరాం. ఊరి నుంచి దాదాపు 100 కిలోమీటర్లు. కారు గుహల దాకా వెళ్లదు, ఫర్దాపూర్ దగ్గర ఆపేసి అక్కడినుంచి 4 కిలోమీటర్లు అక్కడి బస్సులోనే పోవాలి. ప్రవేశ టికెట్ 40 రూపాయలు, 15 ఏళ్లలోపు పిల్లలకు ఉచితం. గైడ్‌కు 1,800. ఎల్లోరా ఆయనే ఫోన్ చేసి, తనకు తెలిసిన పాతకాలపు గైడ్‌ను మాట్లాడిపెట్టారు. అత్తయ్యకు డోలీ, బేరమాడితే 1,600. నలుగురు మనుషులు మోస్తారు. ఎక్కేటప్పుడు ఆవిడకు చాలా సిగ్గేసింది, మనుషుల చేత మోయించుకోవడం పాపం అన్నారు. మోసేవాళ్లలో ఒకాయన "మీరు ఎక్కకపోతే మా ఇంట్లో పొయ్యి వెలగదు అమ్మా" అన్నాక ఎక్కారు. దిగాక వాళ్లకు తన చేత్తో ఇంకో 200 ఇచ్చారు.

మొదటి గుహలోకి వెళ్లగానే నాకు ఏమీ కనిపించలేదు. చీకటి, పలచటి లైటు. గైడ్ మమ్మల్ని ఆపి, రెండు నిమిషాలు ఏమీ చూడకండి, కళ్లు అలవాటు పడనివ్వండి అన్నారు. పక్క నుంచి గుంపులు గుంపులుగా లోపలికి వచ్చి, ఏముందిక్కడ అనుకుంటూ వెళ్లిపోతున్నారు. మేము నిలబడ్డాం. మెల్లగా గోడ మీద బోధిసత్వుడు పద్మపాణి కనిపించాడు. వంచిన తల, చేతిలో పువ్వు, సగం మూసిన కళ్లు. ఎన్నో పుస్తకాల్లో చూసిన బొమ్మే. కానీ ఎదురుగా చూసినప్పుడు ఆ ముఖంలో ఉన్న దయ పుస్తకాల్లో లేదు. నేను ఏడ్చాను, దాచుకోవడం ఎందుకు.

లోపలి బుద్ధ విగ్రహం మీద ఆయన టార్చి ఎడమనుంచి వేస్తే ముఖం విచారంగా ఉంది, కుడినుంచి వేస్తే నవ్వుతున్నట్టుంది, ఎదురుగా వేస్తే ధ్యానంలో ఉంది. ఒక స్తంభం మీద నాలుగు జింకలకు ఒకే తల. ఏ జింకను చూస్తే ఆ తల దానిదే అనిపిస్తుంది. మా అబ్బాయి దాన్ని కాగితం మీద గీసుకున్నాడు. గోడకు మట్టి, ఊక, గడ్డి కలిపి మెత్తి, పైన సున్నం పూసి, అది ఆరాక రంగులు వేశారట. చాలా రంగులు చుట్టుపక్కల రాళ్లు, మట్టి నుంచి తీసినవే. నీలం మాత్రం అఫ్గానిస్తాన్ వైపు నుంచి వచ్చిన రాయి. ఇలాంటి గుహలు ఎక్కువ భాగం 5వ శతాబ్దంలో, వాకాటక రాజు హరిషేణుడి కాలంలో తయారైనవి. 9, 10 లాంటి కొన్ని గుహలు మాత్రం వాటికన్నా కొన్ని వందల ఏళ్ల ముందువి, శాతవాహనుల కాలపువి. పదో గుహ స్తంభం మీద జాన్ స్మిత్ అనే ఇంగ్లీషు అధికారి 1819లో గీకిన తన పేరు ఉంది. మనిషి ఎత్తుకు చాలా పైన ఉంది, ఎందుకంటే అప్పుడు గుహలో మట్టి, రాళ్లు ఎత్తుగా పేరుకుపోయి ఉన్నాయి. అంత అందం మధ్య పేరు గీకాలన్న ఆలోచన ఎలా వచ్చిందో.

గైడ్ మాది హైదరాబాదని తెలిసి చాలా సంతోషించారు. ఈ గుహలు నిజాం రాజ్యంలోనే ఉండేవి. హైదరాబాద్ పురావస్తు శాఖకు గులాం యజ్దానీ డైరెక్టరుగా ఉన్నప్పుడు, 1920లో ఇటలీ నుంచి నిపుణులను పిలిపించి, ఊడిపోతున్న బొమ్మలను గోడకు నిలబెట్టించారు. వాళ్లు పూసిన వార్నిష్ తర్వాత పసుపుపచ్చగా మారి బొమ్మలను కమ్మేసిందనీ, దాన్ని తీయడానికి మళ్లీ ఏళ్లు పట్టిందనీ చెప్పారు. నాంపల్లి పబ్లిక్ గార్డెన్స్ మ్యూజియంలో అజంతా బొమ్మల నకళ్లు ఉన్నాయి, చూశారా అని అడిగారు. మా ఇంటికి అరగంట దూరం. చూడలేదని చెప్పాల్సి వచ్చింది.

మధ్యాహ్నం భోజనం తిరిగొచ్చే దారిలో, డ్రైవరు ఆపిన ధాబాలో. జొన్న భాకరీ, పిఠ్లా అనే శనగపిండి కూర, పచ్చిమిర్చి ఠేచా పచ్చడి, ఉల్లిపాయ, మనిషికి 120. రెండురోజులుగా హోటల్ పూరీలు తినలేక తినలేక తిన్న అత్తయ్య, ఇది మన జొన్నరొట్టే కదా అని రెండు తిన్నారు. పెద్ద హోటళ్ల జోలికి పోకుండా ఇలాంటి చోటే తినండి.

పదిహేడో గుహ గురించి చెప్పకుండా ఆపలేను. అక్కడ విశ్వంతరుడి జాతక కథ, అంటే బుద్ధుడి పూర్వజన్మ కథ, గోడ పొడుగునా ఉంది. అడిగినవాళ్లకు లేదనకుండా ఇచ్చే రాకుమారుడు. రాజ్యంలోని ఏనుగును ఇచ్చేస్తాడు, ఊరివాళ్లు వెళ్లగొడతారు, రథం ఇచ్చేస్తాడు, చివరికి అడవిలో ఒక ముసలి బ్రాహ్మడు వచ్చి అడిగితే కన్నపిల్లలిద్దర్నీ ఇచ్చేస్తాడు. గైడ్ హిందీ అత్తయ్యకు పూర్తిగా అర్థమవుతుంది, నిజామాబాద్‌లో ఉర్దూ వింటూ పెరిగిన మనిషి. "ఇది మన హరిశ్చంద్రుడి కథే కదా" అన్నారు. అని, డోలీ వాళ్లను కాసేపు ఆగమని, ఆ గోడ ముందే నిలబడిపోయారు. ఇంతలో పెద్ద గుంపు వచ్చింది, లోపల జనం ఎక్కువయ్యారని గార్డు అందర్నీ బయటికి పంపాడు. కథ సగంలో ఆగిపోయింది. 26వ గుహలో నిద్రిస్తున్నట్టు పడుకున్న మహాపరినిర్వాణ బుద్ధుడి దగ్గర కూడా ఆవిడ ధ్యాస కథ మీదే ఉంది.

మావారు నాలుగుసార్లు ఫోన్ చేశాక ట్రావెల్స్ ఆయన 2,000 రూపాయలు తిరిగి పంపాడు. మిగతా 7,660 ఇంకా రావాలి. ఎల్లోరా, అజంతా గైడ్లిద్దరికీ కలిపి మేమిచ్చిన 3,300 మాత్రం ఈ యాత్రలో పెట్టిన అన్ని ఖర్చుల్లోకీ సార్థకమైనది.

రాత్రి రైలులో లైట్లు ఆర్పేశాక కింది బెర్తు నుంచి అత్తయ్య గొంతు వినిపించింది. "ఆ పిల్లలు మళ్లీ దొరికారా?" అని మనవణ్ని అడుగుతున్నారు. వాడు ఫోన్‌లో వెతికి చెప్పాడు. బ్రాహ్మడు పిల్లలను తీసుకుని తిరుగుతూ తిరుగుతూ వాళ్ల తాత ఊరికే వచ్చాడనీ, తాత గుర్తుపట్టి, డబ్బిచ్చి విడిపించుకున్నాడనీ.

"తాత ఉన్నాడు కాబట్టి సరిపోయింది" అని అటు తిరిగి పడుకున్నారు.