గురజాడ ‘దిద్దుబాటు’: అయిదు నిమిషాల కథ, రెండుసార్ల చదువు

1910లో అచ్చయిన ఈ కథ నాలుగైదు పేజీలు మించదు. సానిపాట మోజులో పడిన గోపాలరావు అర్ధరాత్రి దాటాక ఇంటికొస్తాడు. భార్య కమలిని ఉండదు, ఉత్తరం ఉంటుంది. అంతే సరంజామా.

అసలు పనితనం ఆ ఉత్తరంలోనే ఉంది. ‘ప్రియా’ అని ఆశించినచోట ‘అయ్యా’ అని కనబడగానే మగనికి గుండె జారుతుంది. ఒక్క సంబోధన మార్చి కాపురంలోని దూరమంతా కొలిచి చూపించాడు రచయిత. ఆమెకు చదువు నేర్పింది తానేనన్న గొప్ప అతనిది. ఆ అక్షరాలే తిరిగొచ్చి తగులుతాయి. కోపం నౌకరు రాముడి మీద తీర్చుకోవడం నవ్విస్తుంది గానీ, ఆ దెబ్బ ఊరికే పడలేదు, గమనించండి.

లోపమంటే, పశ్చాత్తాపం మరీ తొందరగా వచ్చేస్తుంది. మంచం కింద దాక్కున్న కమలిని నవ్వుతో ముగించడం వల్ల ఆ తొందర చాలామంది కంట పడదు.

తొలి తెలుగు కథ ఏదన్న వాదన (భండారు అచ్చమాంబ కథలు దీనికంటే ముందువి) పక్కన పెట్టి చదవండి. వాడుక భాషే కాబట్టి నిఘంటువు అక్కర్లేదు. రెండోసారి మాత్రం, కమలిని అదే గదిలో అంతా వింటోందని గుర్తుపెట్టుకుని చదవాలి. గోపాలరావు మాటలన్నీ వేరేగా వినిపిస్తాయి.